గైడుకు 700 దండగ, జఫర్ మహల్‌కు పైసా ఖర్చు లేదు

ఎర్రకోటలో గైడుకు ఇచ్చిన 700 రూపాయలు తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. మాకొచ్చిన హిందీలో బేరమాడేటప్పుడే చెప్పాను, షాజహాన్ సంగతులు వద్దు, చివరి మొగల్ పాదుషా బహదూర్ షా జఫర్ గురించి చెప్పమని. తల ఊపాడు. ఊపి, గంటసేపు నెమలి సింహాసనం, కోహినూరు వజ్రం తప్ప ఇంకో మాట మాట్లాడితే ఒట్టు!

దివాన్-ఎ-ఖాస్ ముందు నిలబడండి, ఫొటో తీస్తానన్నాడు. 1858 జనవరి 27న బ్రిటిష్ సైనికాధికారులు 1857 తిరుగుబాటుకు బాధ్యుణ్ణి చేస్తూ 82 ఏళ్ల జఫర్‌ను ముద్దాయిగా కూర్చోబెట్టి విచారణ మొదలుపెట్టింది ఆ పాలరాతి మండపంలోనే. సొంత దర్బారు మందిరమే ఆయనకు కోర్టయింది. అదేమైనా చెబుతాడేమోనని అడిగితే, "రాత్రి లైట్ షోలో వస్తుంది, టికెట్లు ఇప్పించనా?" అన్నాడు. గైడెందుకని ముందే అన్న బావ పక్కన నవ్వుతూ నిలబడ్డాడు.

పహాడ్‌గంజ్‌లో గది రోజుకు 1,400. శుభ్రంగానే ఉంది. కోటకు సోమవారం సెలవు, చూసుకుని వెళ్లండి.

బయటికొచ్చి, మెహ్రౌలీలో జఫర్ వేసవి విడిది జఫర్ మహల్‌కు అని ఆటో ఎక్కితే, పావుగంటకే దింపేసి 150 అడిగాడు. చూస్తే బహదూర్ షా జఫర్ మార్గ్! మహల్‌కీ మార్గ్‌కీ తేడా లేదా అని అక్క గొడవేసుకుంది. ఎండ, ఆకలి, పైగా ఆటోవాడు. ఎదురుగా రోడ్డు మధ్యలో కంచె వెనక పాత రాతి గుమ్మం కనిపించింది, ఖూనీ దర్వాజా. 1857 సెప్టెంబరులో హుమాయూన్ సమాధి దగ్గర జఫర్‌ను పట్టుకున్న బ్రిటిష్ అధికారి హడ్సనే, ఆ వెంటనే ఆయన ఇద్దరు కొడుకుల్నీ ఒక మనవణ్ణీ ఇక్కడే కాల్చి చంపాడు. ఆ రోడ్డుకు ఇప్పుడు జఫర్ పేరే. దారి తప్పించినందుకు ఆటోవాణ్ణి సగం క్షమించాను. 150 మాత్రం ఎక్కువే.

మెట్రోలో కుతుబ్ మినార్ స్టేషన్‌కు, అక్కణ్ణుంచి మెహ్రౌలీకి షేర్ ఆటోలో తలకు 20. ఇరుకు సందులో దర్గా పక్కనే జఫర్ మహల్. ఏనుగు అంబారీతో సహా దూరేలా జఫర్ కట్టించిన ఎర్రరాతి హాథీ గేటు ఒక్కటే ఠీవిగా ఉంది. లోపల పైకప్పుల్లేవు, గోడల మీద ప్రేమికుల పేర్లు, మూలన పేకాడుతున్న కుర్రాళ్లు. టికెట్ లేదు.

కాపలా పెద్దాయన చేతికర్రతో పిలిచి మోతీ మసీదు పక్కన పాలరాతి జాలీ లోపల సమాధులు చూపించాడు. జఫర్ తాత షా ఆలంది ఒకటి, తండ్రి అక్బర్ షాది ఒకటి. వాటి మధ్య కర్రతో రెండుసార్లు తట్టి, "ఇది ఆయనది" అన్నాడు. ఖాళీ నేల. ఎండుటాకులు, ఒక చీమల బారు. తన కోసం జఫర్ ఎంచుకున్న చోటది. 1858 అక్టోబరులో ఆయన్ని ఢిల్లీ నుంచి పంపేశారు, 1862 నవంబరు 7న రంగూన్‌లో పోయాడు. అక్కడ గుట్టుగా పూడ్చిన సమాధి జాడ 1991లో గానీ దొరకలేదు.

పొద్దుట్నుంచీ విసుక్కుంటున్న అక్క చున్నీ తలమీదికి లాక్కుని అక్కడే కూర్చుండిపోయింది. వెళ్దామా అంటే, "ఉండవే కాసేపు" అంది.

వచ్చేటప్పుడు బావ పెద్దాయనకు 50 ఇవ్వబోయాడు. వద్దన్నాడు. ఆ 700 మాట మాత్రం బావ హైదరాబాద్ చేరేదాకా దెప్పుతూనే ఉన్నాడు.