పేరుకు అర్థం యాప్‌లో చూడాలా, నిఘంటువులో చూడాలా?

కావలిలో మా చెల్లెలి కూతురి బారసాలకు ‘అనీక’ అని ఖాయం చేశారు. ఫోన్‌లో పేర్ల యాప్ ‘దయ, దుర్గ’ అంది. చిటికెలో చెప్పేస్తుంది గానీ, ఆ అర్థం ఎక్కడిదో మాత్రం చెప్పదు. 1885 నాటి తెలుగు నిఘంటువు శబ్దరత్నాకరం తిరగేస్తే ‘అనీకము’ అంటే సేన, యుద్ధం! నిఘంటువుకు ఓపిక కావాలి. దీర్ఘం తప్పితే మాట దొరకదు. ‘అనిక’ అని వెతికి నేనూ గంట పోగొట్టుకున్నా. కొత్త ఫ్యాషన్ పేర్లు అందులో ఉండవు కూడా. అయినా నా ఓటు దానికే. యాప్‌ను జాబితా వరకే నమ్ముతా. తొందరేం లేదు, జననం రిజిస్టరయ్యాక 12 నెలల్లోపు పేరు ఉచితంగా చేర్పించుకోవచ్చు. చెల్లెలు మాత్రం “సేనైతే మంచిదేలే అక్కా, ఆడపిల్ల గదా” అని అదే ఉంచేసింది.