కౌండిన్య అంచు చేలకు ఏది మేలు: కందకమా, సోలార్ కంచా, కుంకీలా?

పలమనేరు, కుప్పం వైపు అడవి పక్కన చేను ఉన్నవాళ్లను ఏనుగుల గురించి కదిలించి చూడండి, తెల్లారేదాకా చెబుతూనే ఉంటారు. 1980లలో తమిళనాడు, కర్ణాటక అడవుల నుంచి ఇటు వచ్చిన ఏనుగులు మళ్లీ పూర్తిగా వెనక్కి పోలేదు. 1990లో కౌండిన్య అభయారణ్యం ఏర్పాటైంది. విస్తీర్ణం దాదాపు 357 చదరపు కిలోమీటర్లు. చిక్కంతా దాని ఆకారంలో ఉంది. ఒకచోట గుమిగూడిన అడవి కాదది, కొండల వెంట పొడుగ్గా, సన్నగా సాగిపోతుంది. ఉన్న అడవికి సరిహద్దు మరీ ఎక్కువ. ఆ సరిహద్దు పొడుగునా చెరకు, వరి, టమోటా, మామిడి. రోజుకు నూట యాభై కిలోల దాకా మేత కావలసిన జంతువుకు చెరకు తోట కనిపిస్తే ఇంకేముంది!

కందకం సంగతి ముందు తేల్చేద్దాం. ఏనుగు నాలుగు కాళ్లూ ఒకేసారి గాల్లోకి లేపి దూకలేదు. కాబట్టి మూడు మీటర్ల వెడల్పు, అంతే లోతు తవ్వితే దాటలేదని లెక్క. కాగితం మీద బాగానే ఉంటుంది. ఈ కొండ నేలలో కాస్త తవ్వగానే బండ తగులుతుంది. వంక అడ్డొచ్చిన చోట వదిలేయాల్సిందే, ఏనుగు సరిగ్గా అక్కడినుంచే వస్తుంది. రెండు వానాకాలాలు గడిస్తే గట్లు జారి గుంత పూడుతుంది. పూడకపోతే ఏనుగులే గట్టును కాళ్లతో తోసి దారి చేసుకుంటాయి. గట్టి నేల ఉన్న చదును చోట సరే గానీ, ఇక్కడ నేనైతే డబ్బు పెట్టను.

సోలార్ కంచె మీద నాకు నమ్మకం ఉంది, కానీ ఒక షరతుతో. ఇందులో కరెంటు ఆగి ఆగి, క్షణంలో వెయ్యో వంతు కూడా ఉండని దెబ్బల్లా వస్తుంది. ఓల్టేజీ ఎక్కువైనా ప్రాణం తీయదు, బెదరగొడుతుంది. కాకపోతే ఏనుగు తెలివి తక్కువదేం కాదు. దంతానికి షాక్ తగలదని కనిపెట్టిన మగ ఏనుగు దంతాలతోనే తీగ తెంపుతుంది. మరొకటి పక్కనున్న చెట్టును తీగల మీద పడేస్తుంది. అందుకే అడ్డంగా లాగిన తీగల కంటే పైనుంచి వేలాడే తీగల కంచె మేలు. తోసి పడేయడానికి స్తంభం అందేంత దగ్గర్లో ఉండదు, ముందుకొస్తే తీగ నేరుగా తొండానికో ఒంటికో తగులుతుంది.

ఇక షరతు. కంచె కింద గడ్డి పెరిగి తీగను తాకిందంటే కరెంటంతా భూమిలోకి పోతుంది. నేను చూసిన ఒక కంచె దగ్గర రైతు పొడవాటి పచ్చిగడ్డి పరక తెంపి, దాని కొసను తీగకు ఆనించి, మెల్లగా చెయ్యి ముందుకు జరిపాడు. తీగలో కరెంటు ఉంటే చేతికి కాస్త చిటుక్కుమనాలి. ఏమీ అనలేదు. నాలుగు అడుగుల అవతల కంచె తీగల మీదికి కాకర పాదు పాకి ఉంది. బ్యాటరీ, పెట్టె అన్నీ బాగానే ఉన్నాయి, కొడవలి పట్టే మనిషే లేడు. వానాకాలంలో వారానికోసారి గడ్డి కోసే మనిషిని పది చేల వాళ్లు కలిసి పెట్టుకోగలిగితేనే ఈ కంచె వేసుకోండి.

తేనెటీగలంటే ఏనుగులకు బెదురని పెట్టే తేనెటీగల పెట్టెల కంచె కూడా ఉంది. 2021లో కర్ణాటకలోని కొడగులో మొదలుపెట్టారు. ఆలోచన ముచ్చటైనదే, కానీ మన చేలమీదికి ఏనుగులు వచ్చేది రాత్రి, తేనెటీగలు చురుగ్గా ఉండేది పగలు.

ఇక కుంకీలు, అంటే అడవి ఏనుగులను తరమడానికి తర్ఫీదు ఇచ్చిన పెంపుడు ఏనుగులు. వీటి పని వేరు. 2025 మేలో కర్ణాటక నుంచి ఆంధ్రప్రదేశ్‌కు కుంకీలు వచ్చాయి, పలమనేరు దగ్గర ముసలిమడుగులో శిబిరం పెట్టారు. ఊరి మధ్యలోకి వచ్చి మొండికేసిన ఒంటరి ఏనుగును కదిలించాలంటే వీటిని మించిన సాధనం లేదు. మావటి మాట వినే కుంకీ ఎదురుగా నిలబడితే మొండి ఏనుగు కూడా చాలాసార్లు వెనక్కి తగ్గుతుంది. అలాగని ప్రతి రాత్రీ ప్రతి చేనుకూ కుంకీ కాపలా ఉండదు. వాటిని తీసుకొచ్చేసరికి సగం పంట పోయి ఉంటుంది. కంచె రోజూ చేసే పని, కుంకీ ఆపద నాటి పని. నష్టపోయిన రైతు కోపంలో ఇంటి కరెంటును నేరుగా తీగకు ఇస్తే చచ్చేది ఏనుగే కాదు, తెల్లారి నీళ్లు కట్టడానికి వెళ్లిన పక్క చేను మనిషీ చస్తాడు.