కూపర్ క్రీక్ నీటి జాడ: డిజిటల్ ఎర్త్ ఆస్ట్రేలియా పటం ఎంతవరకు పనికొస్తుంది?

ఆస్ట్రేలియాలో తీరానికి దూరంగా ఉన్న లోపలి ప్రాంతపు వాగులను మామూలు పటాలన్నీ నీలిగీతలుగా గీసి ఊరుకుంటాయి. ఏడాదిలో అధికభాగం ఎండి ఉండే పాయకూ, ఎన్నడూ ఎండని మడుగుకూ ఆ గీతలో తేడా ఉండదు. జియోసైన్స్ ఆస్ట్రేలియా అనే ప్రభుత్వ సంస్థ ‘డిజిటల్ ఎర్త్ ఆస్ట్రేలియా’ పేరుతో ఉచితంగా అందిస్తున్న పటంలోని ‘వాటర్ అబ్జర్వేషన్స్’ పొర (లేయర్) ఈ లోటును చాలావరకు తీరుస్తుంది. 1980ల రెండో సగం నుంచి ల్యాండ్‌శాట్ ఉపగ్రహాలు తీసిన చిత్రాలను పరిశీలించి, సుమారు 30 మీటర్ల ప్రతి గడిలో (పిక్సెల్‌లో) మబ్బు అడ్డురాని సందర్భాలలో ఎన్నిసార్లు నీరు కనిపించిందో శాతంగా లెక్కగట్టి, ఆ శాతాన్ని రంగుగా చూపడం దీని పద్ధతి. అరుదుగా తడిసే నేల ఎర్రగాను, నిత్యం నీరుండే చోటు నీలం లేదా ఊదాగాను కనిపిస్తుంది.

ఈ పొర విలువ తెలియాలంటే కూపర్ క్రీక్ మీద చూడాలి. క్వీన్స్‌లాండ్‌లో థామ్సన్, బార్కూ నదులు విండోరా ఊరికి ఎగువన కలిసి కూపర్ క్రీక్‌గా మారతాయి. అక్కడి నుంచి అది నైరుతిగా సాగి దక్షిణ ఆస్ట్రేలియాలో ప్రవేశించి, సముద్రమట్టానికి సుమారు 15 మీటర్లు దిగువన ఉన్న కాటి తాండా–లేక్ ఐర్ వైపు పోతుంది. దీని పరీవాహక ప్రాంతం దాదాపు 2,96,000 చదరపు కిలోమీటర్లు, అంటే ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ కంటే పెద్దది. అయినా చాలా ఏళ్లు ఒక్క చుక్క కూడా ఆ సరస్సును చేరదు. వాలు కిలోమీటరుకు ఇరవై సెంటీమీటర్ల లోపే ఉండటంతో వరద ‘ఛానెల్ కంట్రీ’ అనే మైదానంలో లెక్కలేనన్ని పాయలుగా చీలి, పదుల కిలోమీటర్ల వెడల్పున పరుచుకుంటుంది. అందులో అధికభాగం అక్కడే ఇంకి, ఆవిరైపోతుంది. మామూలు పటంలోని ఒంటిగీత స్థానంలో ఈ పొర మీద విశాలమైన ఎరుపు, పసుపు అల్లిక కనిపిస్తుంది, దాని మధ్య నీలి తునకలుగా మడుగులు తేలుతాయి. ఈ వాగు స్వభావాన్ని ఇంత నమ్మకంగా చూపిన పటాన్ని నేను మరొకటి చూడలేదు.

దక్షిణ ఆస్ట్రేలియాలోని ఇన్నమింకా ఊరి దగ్గర కాసేపు ఆగి చూడాలి. అక్కడ రాతినేల వాగును ఇరుకు చేయడం వల్ల వరద వేగం పుంజుకుని అడుగును తొలిచి, 28 మీటర్ల వరకు లోతున్న కల్యమర్రా మడుగును ఏర్పరచింది. పటంలో అది చిక్కటి రంగుతో నిలుస్తుంది. దానికి దిగువన ఒక పాయ వాయవ్యంగా కూంగీ సరస్సుల వైపు పోతుంది. స్ట్రెజెలెకీ క్రీక్ అనే మరో పాయ దక్షిణానికి తిరిగినా, పెద్ద వరదల్లో తప్ప అందులో నీరు పారదు. 1861లో అన్వేషకులు బర్క్, విల్స్ బృందం దక్షిణాన మౌంట్ హోప్‌లెస్ వైపు పోబోయి, ముందు నీరు దొరకక మళ్లీ కూపర్ ఒడ్డుకే ఎందుకు తిరిగి రావలసి వచ్చిందో ఆ దిశలో రంగులు పలచబడటం చూస్తే అర్థమవుతుంది.

లోపాలూ తక్కువేమీ కావు. లేక్ ఐర్‌ను నింపిన 1974 నాటి మహా వరద ఈ లెక్కలోకి రాలేదు, ఎందుకంటే అది ఈ చిత్రాల కాలానికి ముందుది. ల్యాండ్‌శాట్ 5 సేవలు 2011 చివర ఆగిపోగా, ల్యాండ్‌శాట్ 8 వచ్చింది 2013లో. ఈ మధ్యలో ఆధారం ల్యాండ్‌శాట్ 7 ఒక్కటే. దాని స్కానింగ్ పరికరం 2003 నుంచే చెడిపోయి ఉన్నందున చిత్రాలలో ఖాళీ చారలుంటాయి. పొదల కింద, చెట్ల నీడలో నిలిచిన నీరు తరచుగా లెక్క తప్పుతుంది; గడి కంటే సన్నని పాయల సంగతీ అంతే. మబ్బుల సమస్య మాత్రం ఇక్కడ కొంత తక్కువే: ఎగువన కురిసిన వాన దిగువకు చేరడానికి వారాలు పడుతుంది కాబట్టి, వరద వచ్చేసరికి ఆకాశం తేటపడి ఉండే అవకాశం ఎక్కువ.

అన్నిటికంటే జాగ్రత్తపడవలసింది శాతం విషయంలో. ఒక్కసారి వచ్చి నెలల తరబడి నిలిచిన నీరూ, పలుమార్లు వచ్చి కొద్దిరోజుల్లో పోయిన నీరూ ఒకే రంగుగా తేలవచ్చు. అందుకే ఇదే పటంలోని ‘వాటర్‌బాడీస్’ పొరను కూడా తెరవాలి. ఒక మడుగును ఎంచుకుంటే దాని విస్తీర్ణం కాలక్రమంలో ఎలా పెరిగి తగ్గిందో గ్రాఫ్‌గా వస్తుంది. నా దృష్టిలో మొదటి పొర కంటే ఈ గ్రాఫే విలువైనది, అయినా చాలామంది దానివరకు వెళ్లరు.

భూగోళశాస్త్రం బోధించేవారికి, నీటివనరుల విద్యార్థులకు దీనిని నిస్సంకోచంగా సూచిస్తాను. పటంపై రాతలన్నీ ఇంగ్లీషులో ఉన్నా రంగులు చదవడానికి అది అడ్డు కాదు. ఆస్ట్రేలియాలో ఉంటూ కూపర్‌ను దాటిపోయే బర్డ్స్‌విల్ ట్రాక్ అనే మారుమూల దారి మీద కారులో వెళ్లదలచినవారు మాత్రం దీనిని నమ్ముకుని బయలుదేరకూడదు. కూపర్ పొంగితే ఆ దారిని వాగు దాటే చోట మూసివేస్తారు, ఫెర్రీ మీద దాటవలసి వస్తుంది. ఈనాటి నీటిమట్టానికి వాతావరణ శాఖ వారి నదీ కొలతలను, దారి తెరిచి ఉందో లేదో రాష్ట్ర రోడ్ల శాఖ ప్రకటనలను చూసుకోవాలి.