కొన్న గేమ్‌లు తిరిగి వస్తాయా? పదేళ్ల డిజిటల్ లైబ్రరీని మళ్లీ డౌన్‌లోడ్ చేసుకున్నాక

పోయిన ఏడాది ఒక రాత్రి నా పాత కన్సోల్, అంటే టీవీకి తగిలించి గేమ్‌లు ఆడుకునే పెట్టె, ఆగిపోయింది. ఆన్ చేస్తే లైటు వెలిగేది, రెండు క్షణాల్లో ఆరిపోయేది. రిపేరుకు ఇస్తే మదర్‌బోర్డు పోయిందని, హార్డ్ డిస్క్ కూడా తెరుచుకోవడం లేదని చెప్పారు. నేను డిస్కులు కొనడం మానేసి పదేళ్లు. అన్నీ ఆన్‌లైన్ స్టోర్లోనే కొన్నాను, అల్మరాలో ఒక్క డబ్బా కూడా లేదు. ఇన్నేళ్లు కొన్నదంతా ఆ పెట్టెతో పాటే పోయిందేమోనని ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

పోలేదు. పాత ఈమెయిళ్లలో రసీదులు లెక్కపెడితే 63 గేమ్‌లు తేలాయి. కొత్త కన్సోల్ తెచ్చుకుని ఎనిమిది నెలలైంది, ఆ 63 గేమ్‌లూ ఈరోజు నా దగ్గర ఉన్నాయి. ఇదే పనిలో పనిగా మూలన పడేసిన పాత కన్సోళ్లు, చేతిలో పట్టుకుని ఆడుకునే మెషీన్లు కూడా తీసి, వాటిలో కొన్నవీ మళ్లీ ఎక్కించుకున్నాను. కాబట్టి "డిజిటల్‌గా కొంటే తిరిగి వస్తాయా" అని అడిగితే, వస్తాయనే చెబుతాను. కాకపోతే నేను భయపడిన చోట ఇబ్బంది రాలేదు, అసలు ఊహించని చోట వచ్చింది.

ఆ చోటు అకౌంట్. గేమ్ ఫైల్ మన కన్సోల్లో ఉన్నా లేకపోయినా, అది మనం కొన్నామన్న లెక్క స్టోరు సర్వర్లో మన అకౌంట్ పేరు మీద ఉంటుంది. అకౌంట్ చేతిలో ఉంటే గేమ్ సాధారణంగా ఎప్పుడైనా దింపుకోవచ్చు. నా అకౌంటేమో అప్పట్లో చేసి, తర్వాత వదిలేసిన ఉద్యోగం తాలూకు ఈమెయిల్ మీద ఉంది! పాత కన్సోల్ ఎప్పుడూ లాగిన్ అయ్యే ఉండేది కాబట్టి పాస్‌వర్డ్ కొట్టాల్సిన అవసరం నాకు ఏళ్ల తరబడి రాలేదు. కొత్త దానిలో సైన్ ఇన్ అవ్వబోతే కోడ్ ఆ పాత ఈమెయిల్‌కు వెళ్లింది. ఆ ఇన్‌బాక్స్ ఇప్పుడు లేదు.

కస్టమర్ సపోర్టుతో పదకొండు రోజులు పట్టింది. ఆ పదకొండు రోజుల టెన్షన్ నేను మర్చిపోలేను. పుట్టిన తేదీ, అకౌంట్ పెట్టినప్పటి పేరు అడిగారు, చెప్పాను. మొట్టమొదట ఏం కొన్నావు, ఎప్పుడు కొన్నావు అని అడిగారు. అదృష్టం కొద్దీ రసీదులు వచ్చిన కొత్తలోనే వాటిని నా సొంత ఈమెయిల్‌కు పంపుకోవడం అలవాటు చేసుకున్నాను, అందుకని లావాదేవీ నంబరుతో సహా ఇవ్వగలిగాను. చివరికి పాత కన్సోల్ సీరియల్ నంబర్ అడిగారు. అది పెట్టె వెనక చిన్న స్టిక్కర్ మీద ఉంటుంది. స్టిక్కర్ సగం అరిగిపోయింది, ఫోన్ టార్చి ఏటవాలుగా పట్టుకుని ఒక్కో అక్షరం కూడబలుక్కుని చదివాను. చివరిది 8 అని ఒకసారి, బి అని ఇంకోసారి అనిపించింది. రెండూ రాసి పంపాను. మర్నాడు అకౌంట్ తెరుచుకుంది. ఆ చచ్చిన పెట్టెను పాత సామాన్లలో అమ్మేసి ఉంటే ఏమయ్యేదో!

అందుకే ఇది చదివేవాళ్లు ఇవాళే ఒక్క పని చేయండి: మీ కన్సోల్ అకౌంట్ ఏ ఈమెయిల్ మీద ఉందో చూసుకోండి. రెండంచెల భద్రత (పాస్‌వర్డ్‌తో పాటు ఒక కోడ్ కూడా అడిగే ఏర్పాటు) పెట్టుకున్నప్పుడు ఇచ్చే బ్యాకప్ కోడ్లు కాగితం మీద రాసి పెట్టుకోండి. ఫోన్ నంబర్ మారితే కాపాడేవి అవే. సీరియల్ నంబర్ స్టిక్కర్‌కు ఒక ఫొటో తీసి ఉంచుకోండి.

సోనీ కంపెనీ పాత కన్సోల్ ప్లేస్టేషన్ 3, చేతిలో పట్టుకుని ఆడే వీటా వాడేవాళ్లకు ఒక మెలిక ఉంది. అకౌంట్‌కు రెండంచెల భద్రత పెట్టి ఉంటే ఆ పాత మెషీన్లు మామూలు పాస్‌వర్డ్‌ను ఒప్పుకోవు. ఫోన్లోనో కంప్యూటర్లోనో అకౌంట్ పేజీకి వెళ్లి 'డివైస్ సెటప్ పాస్‌వర్డ్' అని వేరే ఒకటి తయారు చేసుకుని, దాన్ని మెషీన్లో కొట్టాలి. ఇది తెలియక పాస్‌వర్డ్ తప్పు అంటోందని పదేపదే మార్చుకుంటూ కూర్చునేవాళ్లను చూశాను.

సైన్ ఇన్ అయ్యాక మిగతాది సులువే. ప్లేస్టేషన్ 5లో గేమ్ లైబ్రరీలో 'యువర్ కలెక్షన్' చూడాలి. మైక్రోసాఫ్ట్ వారి ఎక్స్‌బాక్స్‌లో 'మై గేమ్స్ అండ్ యాప్స్'లో పూర్తి లైబ్రరీ, నింటెండో వారి స్విచ్‌లో ఈషాప్ (వాళ్ల ఆన్‌లైన్ స్టోర్) తెరిచి మన ప్రొఫైల్ బొమ్మ మీద నొక్కితే రీడౌన్‌లోడ్. నా 63లో 59 ఇలాగే వరసగా వచ్చేశాయి. ఇంకో రెండు స్టోర్లో వెతికితే కనపడలేదు. పేరు కొట్టి చూశాను, స్పెల్లింగ్ మార్చి చూశాను, లేవు. అమ్మకం ఆపేసిన గేమ్‌లు అవి. లైసెన్సు గడువు తీరో, ప్రచురణకర్త తీసేసో ఇలా జరుగుతూ ఉంటుంది. అమ్మకం ఆగినా కొన్నవాళ్లకు డౌన్‌లోడ్ సాధారణంగా ఉంటూనే ఉంటుంది. కాకపోతే వెతకాల్సింది స్టోర్లో కాదు, మన లైబ్రరీలో. అక్కడ రెండూ పదిలంగా ఉన్నాయి. అదనపు భాగాలు, అంటే డీఎల్‌సీలు, చాలాసార్లు విడిగా దింపుకోవాలి. అసలు గేమ్ పేజీలో అడుగుకి వెళితే ఉంటాయి. గేమ్ వచ్చింది కదా అని ఊరుకుంటే సగం కథ మిస్ అవుతుంది.

పాత ప్లేస్టేషన్ 3లో ఈ వెతుకులాట ఇంకో రకం. అకౌంట్ మేనేజ్‌మెంట్‌లోని ట్రాన్సాక్షన్ మేనేజ్‌మెంట్లో డౌన్‌లోడ్ లిస్ట్ ఉంటుంది. కొన్న గేములతో పాటు ఎప్పుడో ఉచితంగా తీసుకున్న డెమోలు, థీమ్‌లు, అవతార్ బొమ్మలు అన్నీ అందులో వరసగా ఉంటాయి. నాకు కావలసిన ఒక్క గేమ్ కోసం ఒక సాయంత్రమంతా కిందికి జరుపుతూ కూర్చున్నాను. అది దొరికినప్పుడు కలిగిన సంతోషం అంతా ఇంతా కాదు.

మూతపడిన స్టోర్ల సంగతి చాలామంది అడుగుతారు. ఇక్కడ రెండు మాటలు కలగలిసిపోతున్నాయి. స్టోర్లో కొనడం ఆగిపోవడం వేరు, కొన్నవి దింపుకోవడం ఆగిపోవడం వేరు. నింటెండో పాత మెషీన్లు 3డీఎస్, వీ యూ (Wii U) ఈషాప్‌లలో కొనడం 2023 మార్చి 27న ఆగింది, కొన్నవాళ్లు మళ్లీ దింపుకోవచ్చని కంపెనీ అప్పుడే చెప్పింది. ఎక్స్‌బాక్స్ 360 స్టోర్ 2024 జులై 29న మూసేశారు, దానిలోనూ అంతే. అక్కడ కొన్న గేమ్‌లలో చాలావాటిని అదే అకౌంట్‌తో కొత్త ఎక్స్‌బాక్స్‌లోనూ ఆడుకోవచ్చు. ప్లేస్టేషన్ 3, వీటా స్టోర్లు మూసేస్తామని 2021 మార్చిలో సోనీ ప్రకటించింది. ఆడేవాళ్లు గట్టిగా నిరసన తెలిపాక ఏప్రిల్లో ఆ నిర్ణయం వెనక్కి తీసుకుంది. ఆడేవాళ్ల మాటకు విలువ ఉందని ఆ రోజు నాకు నిజంగా అనిపించింది.

అయితే ఈ డౌన్‌లోడ్ సౌకర్యాన్ని ఎప్పటిదాకా ఉంచుతారో తేదీ ఏదీ రాసి ఇవ్వలేదు. పాత మెషీన్ మీ దగ్గరుంటే ఈ వారమే ఒక పూట కేటాయించి అన్నీ దింపి పెట్టుకోండి. నింటెండో ఇంకా పాత కన్సోల్ వీ (Wii) విషయంలో ఇంకా జాగ్రత్త పడాలి. అందులో కొన్నవి ఆ పెట్టెకే ముడిపడి ఉంటాయి. ఇప్పటి అకౌంట్లలాగా ఇంకో మెషీన్లో సైన్ ఇన్ అయి తెచ్చుకునే వీలు లేదు. దాని స్టోర్ 2019 జనవరి 30నే మూతపడింది.

దింపుకోనివ్వని ఉదాహరణ లేకపోలేదు. 2014 ఆగస్టులో ప్లేస్టేషన్ 4కి పీ.టీ. అనే ఉచిత భయానక డెమో వచ్చింది. 2015లో దాన్ని స్టోర్ నుంచి తీసేశాక, అంతకుముందు తీసుకున్నవాళ్లు డిలీట్ చేస్తే మళ్లీ దింపుకోవడానికి వీల్లేకుండా పోయింది. అందుకే అది ఉన్న కన్సోళ్లను జనం అపురూపంగా దాచుకున్నారు. డబ్బు పెట్టి కొన్నది కాకపోయినా, 'మళ్లీ దింపుకోవడం' అనేది అవతలివాళ్లు తీసేయగలిగిన సౌకర్యమేనని నాకు తెలిసింది దానివల్లే. కాలిఫోర్నియాలో 2025 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన చట్టం ప్రకారం, ఇలాంటి అమ్మకాల్లో మీరు పొందేది గేమ్ మీద సొంత హక్కు కాదు, వాడుకునే లైసెన్సు మాత్రమేనని కొనేముందే స్పష్టంగా చెప్పాలి. అన్ని చోట్లా ఇలా చెబితే బాగుంటుందని నా కోరిక.

మళ్లీ నా 63 గేమ్‌ల సంగతికి వస్తే, అరవై రెండోది దిగింది గానీ తెరుచుకోలేదు. వంద శాతం డౌన్‌లోడ్ అయ్యాక మళ్లీ కొనమని అడిగింది! రసీదు ఎదురుగా పెట్టుకుని ఆ స్క్రీన్ చూస్తుంటే కడుపు మండింది. ఇలా జరిగితే తొందరపడి మళ్లీ కొనకండి. ముందు గేమ్ కొన్న అకౌంట్‌తోనే సైన్ ఇన్ అయ్యారో లేదో చూడండి. ప్లేస్టేషన్‌లో గేమ్ బొమ్మ మీద తాళం గుర్తు ఉంటే సెట్టింగ్స్‌లో యూజర్స్, అకౌంట్స్ కింద 'రీస్టోర్ లైసెన్సెస్' అని ఉంటుంది. అది నొక్కితే సర్వర్‌తో లెక్క సరిచూసుకుంటుంది. నాకూ లైసెన్సు సరిచూసుకోవడంతోనే తెరుచుకుంది, నిమిషం కూడా పట్టలేదు.

అరవై మూడోది మా చెల్లి అకౌంట్ మీద కొన్నది. ఒకరు కొన్నది అదే ఇంట్లో ఇంకొకరు ఆడాలంటే, కొన్నవాళ్ల అకౌంట్‌కు ఆ కన్సోల్ 'సొంత ఇల్లు' అని నమోదై ఉండాలి. ఎక్స్‌బాక్స్‌లో దీన్ని హోమ్ ఎక్స్‌బాక్స్ అంటారు, ఏడాదిలో ఐదుసార్లు మార్చుకోవచ్చు. ప్లేస్టేషన్ 4లో ప్రైమరీ అంటారు. పాత కన్సోల్ పాడైపోయి దాన్నుంచి తీసేయలేకపోతే, అకౌంట్ పేజీ నుంచి అన్ని మెషీన్లనూ ఒకేసారి డీయాక్టివేట్ చేయొచ్చు, కానీ ఆరు నెలలకు ఒక్కసారే. తొందరపడి ఆ అవకాశం వాడేసుకోకండి. స్విచ్‌లో 2025 ఏప్రిల్ చివర్లో వచ్చిన అప్‌డేట్‌తో వర్చువల్ గేమ్ కార్డులు వచ్చాయి. డిజిటల్ గేమ్‌ను నిజం కార్డు తీసి ఇచ్చినట్టే ఒక కన్సోల్ నుంచి తీసి ఇంకో దానిలో పెట్టొచ్చు. ఇంట్లో రెండు స్విచ్‌లు ఉన్నవాళ్లకు ఇది అర్థమవడం చాలా తేలిక.

డౌన్‌లోడ్ సమయం గురించి ఒక్క మాట. 100 జీబీ గేమ్ సెకనుకు 50 మెగాబిట్ల లైను మీద దిగాలంటే లెక్క ప్రకారమే నాలుగున్నర గంటలు. అన్నీ ఒకేసారి పెట్టకండి, రాత్రి రెస్ట్ మోడ్‌లో (కన్సోల్ నిద్రలో ఉన్నా డౌన్‌లోడ్ సాగే ఏర్పాటు) రెండేసి పెట్టి పడుకోండి. పెద్దవాటిని ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్క్‌లో దాచుకుంటే మళ్లీ దింపే పని తప్పుతుంది.

ఇంత చెప్పినా, ఈ మొత్తం వ్యవహారంలో నన్ను నిజంగా బాధపెట్టింది వేరే. గేమ్‌లు అన్నీ వచ్చాయి, ఆడిన ఆట రాలేదు. చెల్లికి ఒక పొలం గేమ్ ఉంది. మూడేళ్లుగా అందులో విత్తనాలు వేసి, ఆవులకు పేర్లు పెట్టి, చెరువు పక్కన ఇల్లు కట్టుకుంది. గేమ్ దిగగానే ఆశగా తెరిచింది. ఖాళీ నేల, నాలుగు రాళ్లు, కలుపు మొక్కలు.

"అన్నయ్యా, నా పొలం ఏది?" అంది.

నా దగ్గర సమాధానం లేదు. ఆడినంతవరకు దాచే సేవ్ ఫైల్ ఆ చచ్చిన హార్డ్ డిస్క్‌లోనే ఉండిపోయింది. దాన్ని కంపెనీ సర్వర్లో దాచే క్లౌడ్ సేవ్ కోసం కట్టాల్సిన సభ్యత్వం ఎప్పుడో గడువు తీరింది, నేను పట్టించుకోలేదు. మళ్లీ డౌన్‌లోడ్ చేసుకోవచ్చన్న ధీమాలో సేవ్‌ల సంగతి నాకు తట్టనే లేదు. ఎక్స్‌బాక్స్‌లో క్లౌడ్ సేవ్ ఉచితం. ప్లేస్టేషన్, స్విచ్‌లలో సభ్యత్వం ఉండాలి. స్విచ్‌లో మెమరీ కార్డు పెట్టుకున్నా సేవ్‌లు మాత్రం కన్సోల్ లోపలి మెమరీలోనే ఉంటాయి, కార్డు తీసి దాచుకుంటే సరిపోతుందనుకోవద్దు. ప్లేస్టేషన్ 4లో యూఎస్‌బీ డ్రైవ్‌లోకి కాపీ చేసుకోవచ్చు, ప్లేస్టేషన్ 5 గేమ్‌ల సేవ్‌లకు ఆ వీలు కూడా లేదు.

సభ్యత్వం కింద నెలనెలా వచ్చే గేమ్‌ల మాట కూడా ఇక్కడే చెప్పాలి. అవి లైబ్రరీలో కొన్నవాటి పక్కనే కనిపిస్తాయి, కానీ ప్లేస్టేషన్ ప్లస్ అనే ఆ సభ్యత్వం ఆపేస్తే తెరుచుకోవు, మళ్లీ కడితే తెరుచుకుంటాయి. నా 63లో వాటిని లెక్కించలేదు.

చెల్లి రెండు వారాలు ఆ గేమ్ ముట్టుకోలేదు. తర్వాత ఒక ఆదివారం తనే కూర్చుని రాళ్లు ఏరడం మొదలుపెట్టింది. మొదటి ఆవుకు పాత పేరే పెట్టింది. ఆట ఆపగానే నా దగ్గరకు వచ్చింది.

"అన్నయ్యా, క్లౌడ్‌లోకి ఎక్కిందా?"

తెరిచి చూపించాను. తేదీ, టైముతో సహా ఎక్కి ఉంది.