పలౌ బ్లౌగ్రానాలో హ్యాండ్‌బాల్ మ్యాచ్: గోల్ వెనక సీటే తీస్కోండి

బార్సిలోనా వచ్చే మనవాళ్ళు దాదాపు అందరూ అడిగేది బార్సా క్లబ్ ఫుట్‌బాల్ స్టేడియం క్యాంప్ నౌ టికెట్ గురించే. దాని పక్కనే ఇంకో చిన్న ఇండోర్ స్టేడియం ఉంది, పేరు పలౌ బ్లౌగ్రానా, 1971లో కట్టింది, ఏడున్నర వేల మంది దాకా పడతారు. అదే బార్సా క్లబ్ హ్యాండ్‌బాల్ (చేత్తో బాల్ విసిరి గోల్ కొట్టే ఆట) టీమ్ ఆడేది ఇక్కడే, ఆ టీమ్ యూరప్ టాప్ కప్పు 12 సార్లు కొట్టింది, ఇంకే క్లబ్బూ దరిదాపుల్లో లేదు. టికెట్ రేటు ఫుట్‌బాల్ టికెట్‌తో పోలిస్తే చాలా చాలా తక్కువ. క్లబ్ సొంత వెబ్‌సైట్‌లోనే కొనండి, వేరే రీసేల్ సైట్ల జోలికి పోవద్దు, అవసరమే లేదు, మామూలు మ్యాచ్‌లకి సీట్లు బానే దొరుకుతాయి.

ఎలా వెళ్ళాలి అంటే మెట్రోలో కోల్‌బ్లాంక్ గానీ లేస్ కోర్ట్స్ గానీ దిగి నడవడమే. హాలు పాతది, హంగులేమీ ఉండవు, కానీ ఈ హాలు గొప్పతనమే అది, ఎక్కడ కూర్చున్నా ఆట మీకు చాలా దగ్గర్లో జరుగుతుంది, ప్లేయర్లు ఒకళ్ళనొకళ్ళు అరుచుకునేది వినబడుతుంది, బాల్ పోస్టుకి తగిలితే ఆ సౌండుకి ఉలిక్కిపడతాం. పై కప్పు నుంచి పాత లెజెండ్ల జెర్సీలు వేలాడుతుంటాయి, అందులో డేవిడ్ బర్రుఫెట్‌ది చూడండి, ఏడు యూరప్ కప్పులు గెలిచిన గోల్‌కీపర్ ఆయన.

ఇప్పుడు సీటు సంగతి. ఫస్ట్ టైమ్ వెళ్ళేవాళ్ళు మధ్యలో సీటు తీస్కుంటారు, కోర్టంతా కనబడుతుందని. నేను చెప్పేది గోల్ వెనక తీస్కోండి అని. ఎందుకంటే హ్యాండ్‌బాల్‌లో గోల్‌కీపర్ పని ఏంటో టీవీలో సగం కూడా తెలీదు. గోలు మూడు మీటర్ల వెడల్పు, రెండు మీటర్ల ఎత్తు, ఎదుటివాడు ఆరు మీటర్ల గీత దగ్గర గాల్లోకి ఎగిరి ఇంకా ముందుకొచ్చి గంటకి వంద కిలోమీటర్లు దాటిన స్పీడుతో కొడతాడు, కీపర్‌కి గ్లోవ్స్ ఉండవు, ఒట్టి చేతులు, ఒట్టి మొహం. వందలో ముప్పై ఆపితే బాగా ఆడినట్టు లెక్క, నలభై ఆపితే ఆ రోజు మ్యాచ్ గెలిపించినట్టే. అంటే ఇరవై ఐదు గోల్స్ తిన్నవాడు కూడా ఆ రోజు బెస్ట్ ప్లేయర్ అవ్వొచ్చు. గోల్ తిన్న రెండు సెకన్లకే మళ్ళీ బాల్ తీసి ముందుకి విసరాలి, బాధపడే టైమ్ కూడా ఉండదు.

నాకు ఈ సంగతి అర్థమైంది బార్సా గోల్‌కీపర్‌గా ఆడిన గొంజాలో పెరెజ్ దె వర్గాస్‌ని చూశాక. ఈ హాలుకి రివ్యూ రాస్తూ ఆయన పేరు ఎత్తకపోవడం నావల్ల కాదు. 1991లో తొలేదోలో పుట్టాడు, కుర్రాడిగా ఉన్నప్పుడే బార్సాకి వచ్చాడు, కానీ అప్పుడు ముందు వరసలో షారిచ్, స్టెర్బిక్ లాంటి కొండల్లాంటి గోల్‌కీపర్లు ఉన్నారు, దాంతో ముందు ఇక్కడికి దగ్గర్లోని గ్రానోలర్స్ ఊరి క్లబ్, తర్వాత ఫ్రాన్స్‌లో టులూజ్ వెళ్ళి ఆడి, 2014లో తిరిగొచ్చి 2025 దాకా ఇక్కడే ఉన్నాడు. 2015, 2021, 2022, 2024, నాలుగు సార్లు ఛాంపియన్స్ లీగ్, అంటే పైన చెప్పిన యూరప్ టాప్ కప్పు, గెలిచాడు. చివరి ఏళ్ళలో కెప్టెన్ కూడా.

నా ఉద్దేశంలో ఆయన కెరీర్ మొత్తంలో 2022లో కొలోన్‌లో జరిగిన ఛాంపియన్స్ లీగ్ ఫైనల్‌ని మించింది లేదు. పోలండ్ క్లబ్ కీల్‌సేతో 28-28, ఎక్స్‌ట్రా టైమ్ తర్వాత 32-32, ఇక పెనాల్టీలు, అందులో అలెక్స్ దుయ్‌షెబాయెవ్ కొట్టింది ఈయన ఆపాడు, కప్పు బార్సాది. ఆ అలెక్స్ కూడా స్పెయిన్ ప్లేయరే, జాతీయ టీమ్‌లో ఇద్దరూ కలిసి ఆడేవాళ్ళు, అటువైపు కీల్‌సే కోచ్ అలెక్స్ నాన్న తలాంత్. ఇన్నేళ్ళు ఒకే డ్రెస్సింగ్ రూమ్‌లో ఉన్నవాడు ఎటు కొడతాడో ఈయనకి తెలుసు, ఈయన ఎటు దూకుతాడో వాడికీ తెలుసు, ఆ ఒక్క త్రో వెనక అంత కథ ఉంది.

స్పెయిన్ తరఫున చూస్తే 2018, 2020 యూరోపియన్ ఛాంపియన్‌షిప్ గోల్డ్. 2018లో మాత్రం సెమీస్‌కి ముందు గాయం, ఆయన ప్లేస్‌లో పిలిపించిన స్టెర్బిక్ వచ్చి పెనాల్టీలు ఆపి టీమ్‌ని గెలిపించాడు. నాకు చాలా బాధేసింది అది తలచుకుంటే, టోర్నీ అంతా ఉండి అసలు టైమ్‌కి బయట కూర్చోవడం. రెండేళ్ళకి స్టాక్‌హోమ్‌లో క్రొయేషియా మీద ఫైనల్ 22-20 గెలిచినప్పుడు గోల్‌లో ఈయనే, ఆ టోర్నీ బెస్ట్ గోల్‌కీపర్ కూడా ఈయనే. తర్వాత టోక్యోలో ఒలింపిక్ బ్రాంజ్, పారిస్ ఒలింపిక్స్‌లో మళ్ళీ బ్రాంజ్, స్లొవేనియా మీద 23-22, ఒక్క గోల్ తేడా.

2025లో జర్మనీ క్లబ్ కీల్‌కి వెళ్ళిపోయాడు. స్పెయిన్ హ్యాండ్‌బాల్ ప్లేయర్ల బతుకు ఇంతేనండి, ఎప్పుడో ఒకప్పుడు బయటికి పోవాల్సిందే. మూడు సార్లు యూరప్ ఛాంపియన్ అయిన సియుదాద్ రియాల్ టీమ్‌ని 2011లో మాడ్రిడ్‌కి తరలించి అట్లెటికో పేరు పెట్టారు, రెండేళ్ళు తిరక్కుండా 2013లో డబ్బుల్లేక మూసేశారు. అదే ఏడాది జనవరిలో బార్సిలోనాలోనే స్పెయిన్ డెన్మార్క్‌ని 35-19 తేడాతో చిత్తు చేసి వరల్డ్ ఛాంపియన్ అయింది! వరల్డ్ కప్ గెలిచిన దేశంలో లీగ్‌కి డబ్బు లేదు. అగినగాల్దే లాంటి పివట్ అప్పుడే పోలండ్ వెళ్ళిపోయాడు, చివరికి సొంతూరు ఇరున్ క్లబ్‌కి తిరిగొచ్చాడు. పివట్ అంటే ప్రత్యర్థి డిఫెన్స్ మధ్యలో నిలబడి గుద్దులు తింటూ బాల్ అందుకునేవాడు, కబడ్డీలో రైడర్‌ని నలుగురు పట్టేస్తే వాడు ఎలా గుంజుకుంటాడో అట్లా గంటసేపు.

మిగతా స్పెయిన్ క్లబ్బులకి ఇలా డబ్బు లేకపోవడం వల్ల ఏ మ్యాచ్‌కి వెళ్ళాలి అనేది చాలా ముఖ్యం. అసోబాల్ అంటే స్పెయిన్ లీగ్, అది 2011 నుంచి ఏటా బార్సాదే, కాబట్టి లీగ్ మ్యాచ్‌లు చాలావరకు హాఫ్ టైమ్‌కే తేలిపోతాయి. పిల్లల్ని తీస్కెళ్ళడానికి, రూల్స్ నేర్చుకోడానికి అవి బెస్ట్. కానీ ఒక్క మ్యాచ్‌కే టైమ్ ఉంటే ఛాంపియన్స్ లీగ్‌దే తీస్కోండి, బుధ, గురువారాల్లో సాయంత్రం ఉంటాయి, జర్మనీ లేదా హంగరీ క్లబ్ వస్తే వాళ్ళ ఫ్యాన్స్ డప్పులేస్కుని వస్తారు, హాలు దద్దరిల్లిపోద్ది. 30 నిమిషాల హాఫ్‌లు రెండు, మధ్యలో బ్రేక్, గంటన్నర పైచిలుకులో అయిపోతుంది, పొద్దున్నే ఆఫీసు ఉన్నా ఇబ్బంది లేదు. రెఫరీ చెయ్యి పైకెత్తాడంటే టీమ్ టైమ్ వేస్ట్ చేస్తోందని వార్నింగ్, ఇంకో నాలుగు పాసుల్లో షాట్ కొట్టాలి. ఈ ఒక్క రూల్ తెలిస్తే మిగతాది చూస్తూ చూస్తూ వచ్చేస్తుంది.

తిండి మాత్రం ఇంట్లో తినేసి వెళ్ళండి. స్టేడియం దగ్గర ఒక చోట సాండ్‌విచ్ తీస్కున్నా, చల్లారిపోయిన బ్రెడ్, లోపల ఏం లేదు, వెజ్ అడిగితే ఒట్టి చీజ్ పెట్టిచ్చారు. మ్యాచ్ అయ్యాక మెట్రో వైపు నడిస్తే మంచి హోటళ్ళు తెరిచే ఉంటాయి, ఇక్కడ జనం తినేదే లేటు కదా.

ఇంకో మాట, టైమ్ ఉన్నవాళ్ళు ట్రైన్ ఎక్కి గ్రానోలర్స్ కూడా వెళ్ళండి. 1992 ఒలింపిక్స్‌లో హ్యాండ్‌బాల్ ఆడించిన ఊరు, ఆ హాలులో ఆ ఊరి క్లబ్ ఇప్పటికీ ఆడుతోంది. అక్కడ మ్యాచ్ అంటే ఫ్యామిలీలన్నీ వస్తాయి, రేపటి స్టార్లు ముందు అక్కడే కనబడతారు.

2023లో మన దేశంలో జరిగిన ప్రీమియర్ హ్యాండ్‌బాల్ లీగ్‌లో తెలుగు టాలన్స్ టీమ్‌ని ఫాలో అయినవాళ్ళకైతే నేను వేరే చెప్పక్కర్లేదు, బార్సిలోనా వస్తే పలౌకి వెళ్ళి తీరాలి. ఐదుకి నాలుగున్నర ఇస్తాను. పలౌ స్థానంలో కొత్తది కట్టాలని క్లబ్ ప్లాన్ ఉంది, ఈ పాత హాలు ఉండగానే చూసెయ్యండి.