అనువాద యాప్ రెండేళ్లు వాడాక: 'తినలా' దగ్గరే తంటా

కావలిలో అమ్మమ్మ, డల్లాస్‌లో పదేళ్ల మనవడు. ఆమెకు ఇంగ్లీషు రాదు, వాడికి తెలుగు పది ముక్కలు. మధ్యలో మాటను విని అనువదించే యాప్. ఎలా ఎక్కించుకోవాలో అందరికీ తెలిసిందే, వదిలేస్తున్నా.

నా కోపమంతా మైకు మీదే. దానికి పుస్తకాల తెలుగు వచ్చు, నెల్లూరు తెలుగు రాదు. ఇక్కడ 'తినలేదా' అని ఎవరంటారు? 'ఇంకా అన్నం తినలా?' అంటారు. అది దీర్ఘం తగిలించి 'తినాలా' అని రాసుకుంటుంది. అటు 'ఇంకా తినాల్సి ఉందా' అన్న అర్థంలో ఇంగ్లీషు వినిపిస్తుంది. కడుపునిండా తిన్న పిల్లాడు 'నో' అంటాడు. ఇటు 'లేదు' అని వస్తుంది. ఇంకేముంది, పిల్లోడు పస్తున్నాడని ఆమె బెంగ. 'రాలా', 'పోలా' కూడా ఇదే బాపతు. అందుకే కాదనే మాటలు మాత్రం 'లేదు' పెట్టి చెప్పించాలి. 'ఎట్టుండావు' తప్పు రాసినా పిల్లలు ఊహించుకుంటారు.

రెండోది, మధ్యలో ఆగకూడదు. 'పండక్కి నీకు మలైకాజా...' అని ఊపిరి తీసుకుంటే మాట అయిపోయిందనుకుంటుంది. మనకు క్రియ చివర్న కదా, పంపిస్తుందో తానే తింటుందో అటు తెలియదు. ఐదారు మాటలు, ఒక్క గుక్కలో.

'నాయనా' అంటే 'ఫాదర్' అవుతుంది. పిల్లాడికి అది మహా సరదా, దిద్దక్కర్లేదు. దిద్దాల్సింది 'మేము'. వాడు అందరం కలిసి మైపాడు బీచ్‌కి పోదామనే అంటాడు, యాప్ 'మేము వెళ్తాము' అంటుంది. ఆమెను ఇంట్లో వదిలేసినట్టే.

వీడియో కాల్ నడిచే ఫోన్లో యాప్‌కి మైకు దొరకదు. రెండో ఫోను జానెడు దూరంలో పెట్టి, కాల్ స్పీకర్‌లో వేయాలి.

మొదటి ఆర్నెల్లు దీన్ని నలుగురికీ చెప్పా. ఇప్పుడూ కాదనను, కాకపోతే అప్పట్లో రెండు భాషలూ వచ్చినవాళ్లు పక్కనే కూర్చునేవాళ్లు. ఒంటరిగా ఉండే పెద్దవాళ్లకైతే క్షేమసమాచారాల వరకే. మందులు, డబ్బు సంగతులు దీంతో వద్దు. మా లెక్కలో అనువైన వేళ పొద్దున 7.30, డల్లాస్‌లో ఎండాకాలం రాత్రి 9, చలికాలం 8. అప్పటికి అమ్మమ్మ కట్టుడుపళ్లు పెట్టుకుని ఉండాలి, లేకపోతే ఆ మైకుకు ఏ తెలుగూ అర్థం కాదు.