వలవాడా, వెంటాడేవాడా: రెటియారియస్, సెక్యూటర్ పోలిక

రోమన్ అరీనాలో, అంటే గ్లాడియేటర్లనే యోధులు జనం ముందు తలపడే బరిలో, ఈ ఇద్దరినీ సాధారణంగా జోడీగా దింపేవారు. రెటియారియస్ అంటే వలవాడు, సెక్యూటర్ అంటే వెంటాడేవాడు.

వలవాడికి శిరస్త్రాణం లేదు, డాలూ లేదు. అంచులకు బరువులు కట్టిన వల, త్రిశూలం, చిన్న బాకు, అంతే. ఎడమ చేతికి తొడుగు, ఆ భుజం మీద పైకి లేచిన లోహపు రేకు. మిగతా గ్లాడియేటర్లకు తొడుగు కుడి చేతికి ఉండేది. ఇతను ఎడమ భుజం ముందుపెట్టి పోరాడతాడు, డాలు లేదు కాబట్టి ఇక్కడ తారుమారు.

సెక్యూటర్‌కు పెద్ద డాలు, పొట్టి కత్తి, ఎడమ కాలికి కవచం. అసలు తెలివంతా శిరస్త్రాణంలోనే ఉంది. వల చిక్కుకోకుండా గుండ్రంగా, నున్నగా చేశారు. త్రిశూలం మొన దూరకుండా కళ్లకు రెండు చిన్న రంధ్రాలే పెట్టారు. దాంతో ఊపిరి సరిగా ఆడదు, పక్కచూపు ఉండదు. అందుకే అతను త్వరగా మీదపడి ముగించాలి. పోరు సాగేకొద్దీ లాభం వలవాడిదే.

అలాగని వల పడితే గెలిచినట్టు కాదు. మాడ్రిడ్ పురావస్తు మ్యూజియంలోని మొజాయిక్‌లో (చిన్న రంగురాళ్లు పేర్చిన చిత్రంలో) కలెండియో అనే వలవాడి వల అస్టియానాక్స్ అనే సెక్యూటర్‌ను పూర్తిగా కప్పేసింది. చివరికి నేలకూలింది మాత్రం కలెండియోనే! అతని పేరు పక్కన గీత కొట్టిన సున్నా ఉంటుంది, చనిపోయాడని గుర్తు.

ముసుగు లేకపోవడం వలవాడికి ఇంకో శాపం. చనిపోయేటప్పుడు ముఖాలు చూడాలని క్లాడియస్ చక్రవర్తి పొరపాటున పడిపోయినవాళ్ల గొంతు కూడా, ముఖ్యంగా వలవాళ్లది, కోయించేవాడని రోమన్ చరిత్రకారుడు సుటోనియస్ రాశాడు.